ఆరో కెమెరా వెనుక వంటగది: ఒక భయానక ఆటకు అభిమానులు కట్టిన మూడు నకళ్ళు

ఫైవ్ నైట్స్ ఎట్ ఫ్రెడ్డీస్ అనే భయానక ఆటలో మొత్తం 11 కెమెరాలు ఉంటాయి. వాటిలో 6వ నంబరు కెమెరా వంటగదిది. దాన్ని ఎంచుకుంటే తెర నల్లబడిపోతుంది, చిత్రం రాదు, శబ్దం మాత్రమే వస్తుందన్న సూచన కనిపిస్తుంది. గిన్నెలు దొర్లుతున్న చప్పుడును బట్టి, లోపల తిరుగుతున్నది చికా అనే కోడిబొమ్మ అయి ఉంటుందని మనమే ఊహించుకోవాలి. 2014 ఆగస్టులో విడుదలైన ఆ మొదటి ఆటను ఎన్నిసార్లు ఆడినా, ఎంత నేర్పుగా ఆడినా, ఆ వంటగది లోపలి భాగం ఎవరికీ కనిపించదు.

ఆ ఆట జరిగే పిజ్జా దుకాణాన్ని అభిమానులు, నచ్చింది కట్టుకోనిచ్చే వేరే ఆటలైన గ్యారీస్ మాడ్‌లో, మైన్‌క్రాఫ్ట్‌లో, రోబ్లాక్స్‌లో ఏళ్ళ తరబడి మళ్ళీ మళ్ళీ కడుతూనే ఉన్నారు. దసరా సెలవులకు ధర్మవరం నుంచి బెంగళూరులోని మా మారతహళ్ళి ఇంటికి వచ్చిన అక్క కొడుకు, ఎనిమిదో తరగతి వాడు, ఈ నకళ్ళ గురించి నాకంటే చాలా ఎక్కువే తెలిసినవాడు కావడంతో, వాడు చూపించినవీ నేను వెతికి తెచ్చినవీ కలిపి పది రోజుల పాటు రాత్రి భోజనాలయ్యాక వరుసగా ఆడాము. ఆడిన ప్రతి నకలులోనూ నేను మొట్టమొదట వంటగది వైపే నడిచాను. మూల ఆటలో లేని గదిని కట్టాల్సి వచ్చినప్పుడు ఆ అభిమాని ఏం చేశాడో చూస్తే, మిగతా దుకాణమంతా ఎలా ఉండబోతోందో దాదాపుగా తెలిసిపోయింది. ఈ సమీక్షలో నేను వాడుతున్న కొలబద్ద అదే.

నకళ్ళ సంగతి చెప్పే ముందు అసలు సంగతి కొంత చెప్పుకోవాలి. స్కాట్ కాథన్ అనే అమెరికన్ ఈ ఆటను ఒంటిచేత్తో తయారు చేశాడు. అంతకు ముందు ఆయన చేసిన పిల్లల ఆటలో పాత్రలు యంత్రపు బొమ్మల్లా జీవం లేకుండా ఉన్నాయని విమర్శ వస్తే, ఆ నిందనే ముడిసరుకుగా తీసుకుని, యంత్రపు బొమ్మలే భయపెట్టే ఆటను కట్టాడు. అమెరికాలో యంత్రపు జంతువులు వేదిక మీద పాటలు పాడే పిజ్జా దుకాణాలు పాత సంగతే. అటారీ సంస్థను స్థాపించిన నోలన్ బుష్నెల్ అటువంటి దుకాణాన్ని 1977లోనే శాన్ హోసేలో తెరిచాడు. మన పిల్లలకు ఆ అనుభవం లేదు. మాల్‌లో నాణెం వేస్తే ఊగే ఏనుగు వరకే మన యంత్రపు జంతుజాలం. అయినా ధర్మవరం పిల్లవాడికి ఫ్రెడ్డీ ఎలుగుబంటి, బానీ కుందేలు, చికా కోడి, ఫాక్సీ నక్క ఇంటి మనుషులంత పరిచయం.

ఆటగాడు ఆ దుకాణానికి రాత్రి కాపలాదారు. అర్ధరాత్రి 12 నుంచి ఉదయం 6 వరకు, మన గడియారంలో సుమారు 9 నిమిషాల సేపు, ఒక చిన్న గదిలో కుర్చీ నుంచి లేవకుండా కూర్చోవాలి. ఎడమ పక్క ఒక తలుపు, కుడి పక్క ఒక తలుపు, ఒక్కో తలుపు దగ్గర ఒక దీపం, చేతిలో కెమెరాల తెర, అడుగున కరెంటు ఎంత మిగిలిందో చూపించే అంకె. అంతకు మించి ఆస్తి లేదు. తలుపు మూసినా, దీపం వేసినా, కెమెరా చూసినా కరెంటు వేగంగా తరుగుతుంది, ఏమీ చేయకపోయినా మెల్లగా తరుగుతూనే ఉంటుంది. అది పూర్తిగా అయిపోతే తలుపులు వాటంతట అవే తెరుచుకుంటాయి, చీకట్లో ఎలుగుబంటి ముఖం వెలుగుతూ ఆరుతూ ఒక సంగీతం వినిపిస్తుంది, ఆ తరువాతి సంగతి అందరికీ తెలిసిందే. ఇందులో నడక లేదు, పరుగు లేదు, ఆయుధం లేదు. చూసేవన్నీ ముందే గీసి పెట్టుకున్న నిశ్చల చిత్రాలే తప్ప, మనం తిరగగలిగే త్రిమితీయ భవనం కాదు. నక్క పరుగు తప్ప బొమ్మల కదలిక కూడా మనం చూడం. చూపు తిప్పినప్పుడు ఒక చోట ఉన్నది, మళ్ళీ చూసినప్పుడు ఇంకో చోట ఉంటుంది.

శాండ్‌బాక్స్ ఆటల స్వభావం దీనికి సరిగ్గా వ్యతిరేకం. వాన వెలిశాక తడి ఇసుకలో కాలు పెట్టి పిల్లలు పిచ్చుక గూళ్ళు కట్టుకున్నట్టు, గెలుపూ ఓటమీ లేకుండా, ఇష్టం వచ్చింది కట్టుకుని ఇష్టం లేనప్పుడు చెరుపుకునే చోటు అది. అక్కడ స్వేచ్ఛే మొదటి ధర్మం. కుర్చీకి కట్టేసినట్టు ఉండే ఆటను ఎక్కడికైనా నడిచి వెళ్ళగలిగే చోట మళ్ళీ కట్టాలనుకోవడంలోనే ఒక తిరకాసు ఉంది. ఆ తిరకాసును గుర్తించినవాళ్ళు మంచి నకలు కట్టారు, గుర్తించనివాళ్ళు అందమైన భవనం కట్టారు.

మొదట గ్యారీస్ మాడ్ సంగతి. 2004లో హాఫ్-లైఫ్ 2 అనే ఆటకు ఒక మాడ్‌గా, అంటే దాని మీద చేసిన మార్పుగా మొదలై, 2006 నుంచి విడిగా అమ్ముడవుతున్న ఈ ఆటలో, స్టీమ్ అనే ఆటల దుకాణంలోని వర్క్‌షాప్ నుంచి, ఆటగాళ్ళు కట్టిన స్థలాలైన మ్యాప్‌లనూ బొమ్మలనూ ఉచితంగా సబ్‌స్క్రైబ్ చేసుకుని దించుకోవచ్చు. పిజ్జా దుకాణం మ్యాప్‌లు అక్కడ కుప్పలుతెప్పలుగా ఉన్నాయి. మేము నాలుగింటిని దించాము, రెండింటిలో అయిదు నిమిషాలకు మించి నిలవలేకపోయాము. ఈ మ్యాప్‌లలో కొన్ని, మన దగ్గర వేరే ఆటల సరుకు కూడా ఉంటుందన్న నమ్మకంతో తయారవుతాయి. ఆ సరుకు లేకపోతే గోడలు ఊదా, నలుపు గళ్ళతో చౌకబేరపు దుప్పటి కప్పుకున్నట్టు కనిపిస్తాయి, కుర్చీలూ బల్లలూ ఉండాల్సిన చోట ఎర్రటి ఎర్రర్ అక్షరాలు గాలిలో వేలాడతాయి. చీకటి నడవాలో గుండె చిక్కబట్టుకుని మలుపు తిరిగిన మేము ఆ గళ్ళ గోడను చూసి పగలబడి నవ్వాము. భయానికి అంతకన్నా విరుగుడు లేదు.

మూడోది మాత్రం చెప్పుకోదగ్గ పని. మూల ఆటలో మనకు దొరికే ఆధారాలు రెండే: కెమెరాల తెర మీద కనిపించే ఒక గీతల పటం, ఒక్కో కెమెరా నుంచి ఒక్కో కోణంలో గీసిన చిత్రం. పటానికి కొలతలు లేవు, చిత్రాలలో కెమెరా వెనుక ఏముందో ఎప్పటికీ తెలియదు. అంత తక్కువ ఆధారంతో ఈ మ్యాప్ కట్టిన అజ్ఞాత శిల్పి భోజనశాలలో బల్లల వరుసలను, బల్లల మీది కోణాకారపు టోపీలను, నేల మీది నలుపు తెలుపు పలకలను చిత్రాలతో ఎంత శ్రద్ధగా సరిపోల్చాడంటే, నేను మూల ఆట చిత్రాన్ని ఫోన్‌లో పెట్టుకుని, మ్యాప్‌లో అదే కెమెరా కింద నిలబడి, పలకలను లెక్కపెట్టి చూసుకున్నాను, ఒకటి రెండు తేడాలు తప్ప లెక్క కుదిరింది. కాపలా గదిలోని పంకా, బల్ల మీది చెత్త, గోడ మీది పోస్టరు అన్నీ ఉన్న చోటే ఉన్నాయి. తెర మీద మరో గది ప్రత్యక్ష దృశ్యాన్ని చూపించే ఏర్పాటు ఈ ఆట ఇంజిన్‌లోనే ఉంది కాబట్టి, కెమెరా తెర నిజంగానే పనిచేస్తుంది. ఇంత వరకు లోపం ఎంచడానికి నాకు ఏమీ దొరకలేదు.

అప్పుడు వంటగదికి వెళ్ళాను. తళతళలాడే స్టీలు బల్లలు, పెద్ద ఓవెన్, వేలాడదీసిన గరిటెలు, మూల ఒక ఫ్రిజ్, దాని తలుపు తెరిస్తే లోపల దీపం కూడా వెలుగుతోంది. చాలా శుభ్రంగా, చాలా ఓపికగా కట్టిన గది. అక్కడి నుంచి తిరిగి కాపలా గదికి వచ్చి కూర్చుంటే, ఇక వంటగది అన్న మాటకు నాలో ఏ స్పందనా లేదు. గిన్నెల చప్పుడు వినిపిస్తే, మూల ఆటలో ఎక్కడో తెలియని చీకటి గుర్తొచ్చేది. ఇక్కడ ఆ మూడో బల్ల పక్కన, ఫ్రిజ్‌కు కొంచెం ఇవతల అని చెప్పగలుగుతున్నాను.

చిన్నప్పుడు మా ఊళ్ళో నిమ్మలకుంట వాళ్ళు తోలుబొమ్మలాట ఆడేవారు. రావణుడి బొమ్మ తెర మీదికి వస్తే అమ్మ కొంగు చాటున దాక్కునేవాడిని. ఒక రాత్రి ఎవరో చేయి పట్టుకుని తెర వెనక్కి తీసుకెళ్ళి చూపించారు. దీపం వెలుతురులో తోలు మీద రంగులు చాలా బాగున్నాయి, రావణుడి పది తలలూ తాకి చూశాను, ఆ తరువాత ఇవతల కూర్చుని ఎన్నిసార్లు చూసినా భయం మాత్రం రాలేదు. గ్యారీస్ మాడ్ మ్యాప్ చేసేది తెర వెనక్కి తీసుకెళ్ళడమే. ఆ ఆనందం చిన్నదేమీ కాదు, అయితే అది భయానికి బదులుగా దొరికే ఆనందం.

పైగా ఆ ఆటలో మన చేతికి ఫిజిక్స్ గన్ అనే మంత్రదండం ఇస్తారు. అక్క కొడుకు మొదటి పావుగంటలోనే ఫ్రెడ్డీని దానితో పైకెత్తి, భోజనశాల పైకప్పుకు తలకిందులుగా అంటించి, "మామా, ఈడ సూడు, గబ్బిలమైపోయినాడు" అన్నాడు. బొమ్మలు తమంతట తాము వెంటపడేలా చేసే ఏర్పాట్లూ ఉన్నాయి గానీ, అందుకు ఆ మ్యాప్‌లో ఎక్కడ నడవవచ్చో చెప్పే దారుల అల్లిక ముందుగా తయారై ఉండాలి. మేము దించిన నాలుగో మ్యాప్‌లో అది లేదు కాబట్టి, ఎంతో హంగామాతో దించుకున్న నక్క గోడవైపు ముఖం పెట్టి శిక్ష పడిన పిల్లవాడిలా నిలబడింది. ఆ అల్లికను కన్సోల్‌లో ఆజ్ఞ ఇచ్చి మనమే చేయించుకోవచ్చు. మా ఆరేళ్ళ ల్యాప్‌టాప్‌లో అది పూర్తయ్యేలోగా నేను టీ పెట్టుకుని తాగి వచ్చాను.

ఆ రోజు రాత్రి ఒంటిగంట దాటాక, కింద ఏదో శబ్దమైతే చూసి రావడానికి దిగాను. మా అపార్ట్‌మెంట్ కాపలాదారు కుప్పం వైపు నుంచి వచ్చిన పెద్దాయన, బేస్‌మెంట్ కెమెరాల దృశ్యాలు నాలుగు గళ్ళలో కనిపించే తెర ముందు ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని ఉన్నారు. ఎన్నేళ్ళుగానో చూస్తున్న దృశ్యమే, ఆ రాత్రి మాత్రం దాన్ని కొత్తగా చూశాను. రాత్రిపూట ఒక్కరే ఉండడం భయంగా ఉండదా అని అడిగితే, "తిరగాడేటప్పుడు ఏమీ ఉండదు సార్, ఒకే తావున కుచ్చోని ఆ టీవీ సూస్తా ఉంటేనే ఒక మాదిరిగా ఉంటాది" అన్నారు. ఆట రూపకర్త నమ్ముకున్నది కూడా సరిగ్గా దీన్నే. కాళ్ళు ఇచ్చిన నకలుకు ఆ "ఒక మాదిరి" అందడం చాలా కష్టం.

అందుకే మైన్‌క్రాఫ్ట్ మీద నేను ఏ ఆశా పెట్టుకోలేదు. మీటరు పొడవు, మీటరు వెడల్పు ఉన్న దిమ్మెలతో కట్టే ప్రపంచంలో ఎలుగుబంటి ముఖం ఎలా వస్తుంది? మేము ఆడిన ఉచిత మ్యాప్‌లో రానే రాలేదు. ఫ్రెడ్డీ అంటే గోధుమరంగు దిమ్మెల కుప్ప, కళ్ళ చోట రెండు తెల్లటి చుక్కలు. కుందేలు చెవులు ట్రాఫిక్ స్తంభాల్లా ఉన్నాయి. పులిని చూసి నక్క వాత పెట్టుకున్నట్టు ఉందని నేను అంటే, అక్క కొడుకు ఈ ఆటలో నక్క ఉంది గానీ పులి లేదని సరిదిద్దాడు. రూపంలో ఇది నిశ్చయంగా మూడింటిలోకి అధమం. అయినా రెండో రాత్రి నేను హెడ్‌ఫోన్లు తీసి పక్కన పెట్టాల్సి వచ్చినది ఈ ఒక్క దానిలోనే, ఆ కారణం కొంచెం వివరంగా చెప్పాలి.

ఈ మ్యాప్ కట్టిన వ్యక్తి, మైన్‌క్రాఫ్ట్‌లో తలుపులూ యంత్రాలూ కదిలించే రెడ్‌స్టోన్ అనే ఎర్రపొడి తీగలతోనే అన్నీ చేశాడు. కెమెరాలు లేవు. మైన్‌క్రాఫ్ట్‌లో మరో గది దృశ్యాన్ని తెర మీద చూపించే సదుపాయం సహజంగా లేదు కాబట్టి, కాపలా గది గోడ మీద దుకాణపు పటం గీసి, గదికొక దీపం పెట్టాడు. ఏ గదిలోకి బొమ్మ వస్తే ఆ గది దీపం వెలుగుతుంది. ఆ బొమ్మ ఏదో తెలియదు, ఎటు చూస్తోందో తెలియదు, దీపం ఒక్కటే తెలుస్తుంది. మొదట ఇది లోపమనిపించింది. కాసేపటికి, ఎడమ నడవా దీపం ఆరి ఇంకే దీపమూ వెలగని క్షణంలో, అంటే ఆ బొమ్మ ఇక మిగిలిన ఒకే ఒక చోటుకు, నా తలుపు దగ్గరికి వచ్చిందని అర్థమైన క్షణంలో, ఇదే సరైన పద్ధతి అనిపించింది.

కరెంటును అతను కొలిచిన తీరు ఈ నకళ్ళన్నిటిలోకి తెలివైన పని. జంట పెట్టె ఒకదానిలో సగం వరకు, అంటే 27 గూళ్ళలో గూటికి 64 చొప్పున 1,728 ఇసుక దిమ్మెలు నింపి ఉంచాడు. పెట్టె అడుగున హాపర్ అనే గరాటు ఉంది. అది సెకనుకు రెండున్నర దిమ్మెల చొప్పున కిందికి జార్చుతుంది. ఆ లెక్కన ఏమీ ముట్టుకోకుండా కూర్చుంటే ఇసుక దాదాపు పదకొండున్నర నిమిషాలు వస్తుంది, రాత్రి మాత్రం 9 నిమిషాలే. తలుపు మూసినా దీపం వేసినా పక్కనున్న రెండో గరాటు తెరుచుకుని, ఇసుక రెట్టింపు వేగంతో కారుతుంది. అలాగే వదిలేస్తే ఆరు నిమిషాలు కూడా రాదు. మిగిలిన ఇసుకను చూపించడానికి అంకె లేదు. పెట్టె ఎంత నిండి ఉందో చెప్పే కంపారేటర్‌కు తగిలించిన ఏడు దీపాలు ఉన్నాయి. సుమారు 247 దిమ్మెలు జారిపోతే ఒక దీపం ఆరుతుంది. చివరి దీపం ఒక్కటే మిగిలినప్పుడు లోపల ఉన్నవి 240 దిమ్మెలో, 4 దిమ్మెలో చెప్పే మార్గం లేదు. మూల ఆటలో శాతం ఎంతో అంకె రూపంలో తెలిసేది, ఇక్కడ అదీ లేదు. గుడిలో నూనె తక్కువైన దీపాన్ని చూస్తూ కూర్చున్నట్టు ఆ చివరి దీపాన్ని చూస్తూ కూర్చున్నాను, అక్క కొడుకు నా మోచెయ్యి వదల్లేదు.

లోపమూ ఉంది. మూల ఆటలో ప్రతి తలుపూ, ప్రతి దీపమూ కరెంటు వాడకాన్ని విడివిడిగా పెంచుతాయి. ఇక్కడ గరాట్లు రెండే కాబట్టి, ఒక తలుపు మూసినా రెండు తలుపులూ మూసినా ఖర్చు ఒకటే. ఆ సంగతి పసిగట్టగానే మేము ఒకటి మూయాల్సి వచ్చిన ప్రతిసారీ రెండూ మూసేశాము, దానితో కొంత ఉత్కంఠ తగ్గింది. నక్క ప్రవర్తన కూడా సరిగా పట్టుబడలేదు. మూల ఆటలో కెమెరాలు బొత్తిగా చూడకపోతే నక్క తెర చాటు నుంచి బయటపడి పరుగెత్తుకొస్తుంది. కెమెరాలే లేని ఈ మ్యాప్‌లో ఆ సూత్రానికి తావు లేదు, అందుకని అది ఇష్టం వచ్చినప్పుడు వస్తుంది. మ్యాప్ ఏ వెర్షన్‌లో తయారైందో అదే వెర్షన్‌లో తెరవాలి. మొదటిసారి మేము కొత్త వెర్షన్‌లో తెరిస్తే కుడి తలుపు పిస్టన్లు సగంలో బిగుసుకుపోయాయి.

ఇక వంటగది. ఈ మ్యాప్‌లో వంటగదికి తలుపు లేదు. పటంలో ఆ గది ఉంది, దాని దీపం మాత్రం ఎప్పుడూ వెలగదు. గోడ అవతల నుంచి టక్కు టక్కుమనే చప్పుడు మాత్రం వస్తుంటుంది, ఒకసారి దగ్గరగా, ఒకసారి ఆగి ఆగి. మూల ఆట వదిలేసిన ఖాళీని ఇతను ఖాళీగానే వదిలేశాడని నాకు చాలా సంతోషం కలిగింది. అయిదో రాత్రి గెలిచాక, అక్క కొడుకు ఆగలేక, ఏదైనా కట్టనిచ్చే, పగలగొట్టనిచ్చే క్రియేటివ్ మోడ్‌లోకి మారి వంటగది గోడ పగలగొట్టాడు. లోపల పొయ్యి లేదు, బల్ల లేదు, కోడి లేదు. నేల నుంచి పైకప్పు దాకా ఎర్రపొడి తీగలు, గరాట్లు, డ్రాపర్లు. మొత్తం దుకాణాన్ని నడిపించే యంత్రాన్ని అతను ఆ గదిలోనే దాచాడు. మేము విన్న చప్పుడు బొమ్మల తరువాతి అడుగును నిర్ణయిస్తున్న యంత్రం చప్పుడే.

అది ఎలా నిర్ణయిస్తుందో కూడా చూశాము. మూల ఆటలో ఒక్కో బొమ్మకు 0 నుంచి 20 దాకా ఒక స్థాయి ఉంటుంది. కొన్ని సెకన్లకు ఒకసారి, కుందేలుకూ కోడికీ అయితే సుమారు 5 సెకన్లకు ఒకసారి, ఆట 1 నుంచి 20 లోపు ఒక అంకె వేస్తుంది; ఆ అంకె స్థాయిని మించకపోతే బొమ్మకు కదిలే అవకాశం వస్తుంది. చిట్టచివరి సవాలులో నాలుగు బొమ్మలనూ 20 దగ్గర పెట్టుకుని ఆడేవాళ్ళు ఉన్నారు. ఈ మ్యాప్‌లో ఆ పాచిక పని డ్రాపర్ చేస్తుంది. డ్రాపర్‌లో ఉన్న 9 గూళ్ళలో యాదృచ్ఛికంగా ఒకదాన్ని ఎంచుకుని అందులోని వస్తువును జార్చుతుంది. కొన్ని గూళ్ళలో చెక్క కత్తులు, మిగతా వాటిలో మామూలు వస్తువులు. కత్తి పడితే సంకేతం బలంగా వెళ్ళి బొమ్మ కదులుతుంది, లేకపోతే లేదు. మొదటి రాత్రి తొమ్మిదింటిలో ఒక్క కత్తి, అయిదో రాత్రికి అయిదు కత్తులు. 20 ముఖాల పాచిక 9 ముఖాలదైపోయింది గానీ, మన వైకుంఠపాళిలో పాముల సంఖ్య పెంచినట్టు, పద్ధతి పద్ధతే. గ్యారీస్ మాడ్ శిల్పి దుకాణపు గోడలను నకలు తీశాడు, ఇతను దుకాణపు లేమిని నకలు తీశాడు, నా ఓటు ఇతనికే.

రోబ్లాక్స్ గురించి ఎక్కువ చెప్పాల్సింది లేదు. అది ఉచితం, ఫోన్‌లో కూడా నడుస్తుంది, అందుకే పిల్లలంతా అక్కడే ఉన్నారు. మేము చూసిన దుకాణంలో ఒకేసారి పాతికమంది ఉన్నారు. వారిలో కాపలాదారుగా ఉండాలనుకున్నవాడు ఒక్కడూ లేడు. అందరూ ఎలుగుబంట్లు, కుందేళ్ళు, కోళ్ళే. మార్ఫ్ అనే పేరుతో ఏ బొమ్మ వేషమైనా వేసుకోవచ్చు, మంచి వేషాలకు రోబక్స్ అనే అక్కడి డబ్బు అడుగుతారు. వంటగదిలో పిజ్జా కాల్చి అమ్మవచ్చు, అక్కడ పొడవైన వరుస కూడా ఉంది. ఒక కోడి నాకు పిజ్జా అందించి మర్యాదగా వంగింది. ఇది భయానక ఆటకు నకలు అని చెప్పలేను. పగటి వేషగాళ్ళంతా కలిసిన జాతర అంటే సరిపోతుంది, జాతరగా చూస్తే చాలా బాగుంది. పిల్లల్ని వదిలే పెద్దవాళ్ళు మాత్రం ప్రతి ఆటకూ ఉండే మినిమల్, మైల్డ్, మోడరేట్, రిస్ట్రిక్టెడ్ అనే గుర్తులలో ఏది ఉందో చూసుకోవడం, తల్లిదండ్రుల నియంత్రణలలో ఖర్చుకు పరిమితి పెట్టుకోవడం అవసరం. వేషాల మోజులో అక్క కొడుకు నా ఫోన్ అడిగిన తీరు చూశాకే ఈ మాట రాస్తున్నాను.

ఇలాంటి అభిమానుల పనికి హక్కుదారుల వైపు నుంచి ఎప్పుడేం ముప్పు వస్తుందో అన్న అనుమానం కొందరికి ఉంటుంది. 2024 ఏప్రిల్‌లో నింటెండో అభ్యంతరంతో గ్యారీస్ మాడ్ వర్క్‌షాప్ నుంచి ఆ సంస్థ పాత్రలకు సంబంధించిన ఏళ్ళ తరబడి పోగైన సరుకును తొలగించాల్సి వచ్చింది కాబట్టి ఆ అనుమానం ఊరికే పుట్టింది కాదు. ఫ్రెడ్డీ విషయంలో గాలి వేరే దిశగా వీచింది. కాథన్ 2020లో అభిమానులు తయారు చేసిన కొన్ని ఆటలను ఎంచుకుని, వాటికి డబ్బు పెట్టి, అధికారికంగా విడుదల చేయించే ఏర్పాటు ప్రకటించాడు. అది విడి ఆటలకు సంబంధించినది, శాండ్‌బాక్స్ మ్యాప్‌లకు కాదు. అయినా నచ్చిన మ్యాప్ ఫైలు ఉంటే, ఒక ప్రతిని విడిగా దాచుకోవడం మంచిది.

ఆడే చోటు గురించి ఒక హెచ్చరిక. మా ల్యాప్‌టాప్ వేడెక్కి మొరాయించిన రోజున దగ్గరలోని ఒక గేమింగ్ కేఫ్‌కు వెళ్ళి గంటకు 80 రూపాయలు ఇచ్చి కూర్చున్నాము. కుర్చీ బాగుంది, తెర పెద్దది, హెడ్‌ఫోన్‌లో మాత్రం ఎడమ చెవి పనిచేయలేదు. మరో ఆటకైతే సర్దుకుపోవచ్చు. ఇది అడుగుల చప్పుడు ఎడమ నుంచి వచ్చిందా కుడి నుంచి వచ్చిందా అన్నదాని మీదే నడిచే ఆట కాబట్టి, కుందేలు వచ్చిన ప్రతిసారీ మాకు తెలియలేదు, ప్రతిసారీ చచ్చాము. మార్చమని అడిగితే అన్నీ అంతే అన్నారు. సొంత హెడ్‌ఫోన్లు తీసుకెళ్ళండి, కూర్చునే ముందు రెండు చెవులూ పరీక్షించుకోండి.

మొదటిసారి చూడబోయేవారు మూల ఆటను కనీసం రెండు రాత్రులు ఆడాకే నకళ్ళ వైపు రావాలని నా సలహా. ఆ తరువాత దుకాణమంతా తీరికగా తిరిగి చూడాలనుకుంటే గ్యారీస్ మాడ్‌కు వెళ్ళండి. మ్యాప్‌తో పాటు ఇంకే సరుకు కావాలో దాని పేజీలో రాసి ఉంటుంది, అది చదవకుండా దించుకోకండి. పిల్లలు నలుగురు కలిసి కేకలు వేసుకోవాలంటే రోబ్లాక్స్ చాలు. భయపడాలంటే మాత్రం ఆ చతురస్రపు ఎలుగుబంటి దగ్గరికే వెళ్ళండి, గోడ పగలగొట్టే పని చివరిదాకా వాయిదా వేసుకోండి.

అక్క కొడుకు సెలవులయ్యాక ధర్మవరం వెళ్ళిపోయాడు. వెళ్ళే ముందు రెండు రోజులు మైన్‌క్రాఫ్ట్‌లో మా అపార్ట్‌మెంట్ బేస్‌మెంట్ కట్టడం మొదలుపెట్టాడు: పార్కింగ్ స్తంభాలు, వాటర్ ట్యాంకు, లిఫ్టు, గేటు దగ్గర కాపలాదారు కుర్చీ. ఎదురుగా ఏడు దీపాలూ పెట్టాడు. గరాట్ల లెక్క మాత్రం ఇంకా తేలలేదు, ఆట గడియారంలో నాలుగు కొట్టేసరికే ఇసుక అయిపోతోంది. నిన్న రాత్రి ఫోన్ చేసి, "మామా, జనరేటర్ రూములో ఏముంటాదో నాకు తెలీదు, నువ్వు పోయి సూసి చెప్పు" అన్నాడు. ఆ గది తాళం అసోసియేషన్ వాళ్ళ దగ్గర ఉంటుంది. నేను అడగలేదు.